దుంప ఉడకాలి, పాలు విరగకూడదు

ఈ వారం ఉత్తరం ఒక తండ్రి రాసినది. పేరు వద్దన్నారు. భార్యకు నడుము ఆపరేషన్ అయింది. రోజూ ఫిజియోథెరపీకి తీసుకెళ్లాలి కాబట్టి ఆస్పత్రికి దగ్గర్లో 2 నెలలకు ఒక చిన్న ఫ్లాట్ అద్దెకు తీసుకున్నారు. అందులో పొయ్యి లేదు. ఒక మైక్రోవేవ్, ఒక ఫ్రిజ్, ఒక మిక్సీ ఉన్నాయి. ఇంకో 3 వారాల్లో పాపకు 11 ఏళ్లు నిండుతాయి. బాబుకు 7. ప్రతి పుట్టినరోజుకూ వాళ్లమ్మ ఓవెన్‌లో ఒక వంటకం చేసేదట. పలచగా తరిగిన బంగాళాదుంపలు, వాటి మీద చిక్కటి క్రీమ్, చీజ్. మిగతా భోజనం ఏదైనా సరే, పక్కన అది ఉండాల్సిందే. ఈసారి దాన్ని తానే చేయాలని ఆయన పట్టుబట్టారు. ఇప్పటికి 4 సార్లు చేశారు, 4 సార్లూ చెడింది.

మొదటిసారి దుంప ముక్కలు, చల్లటి పాలు, చీజ్ అన్నీ ఒకే గిన్నెలో వేసి ఫుల్ పవర్‌లో 15 నిమిషాలు పెట్టారు. పాలు పొంగి లోపల తిరిగే పళ్లెం నిండా కారాయి, చీజ్ తోలులా సాగింది, మధ్యలో ముక్కలు పలుకుగానే ఉన్నాయి. రెండోసారి క్రీమ్ చాలక పెరుగు కలిపారు. అది రవ్వరవ్వగా విరిగి పైన నీళ్లు తేలాయి, దుంప ఇంకా గట్టిగానే ఉంది. మూడోసారి దుంపలు ముందే ఉడికించి, పాలూ వెన్నా వేసి మిక్సీలో తిప్పారు. కాగితాలు అంటించే జిగురులా తయారైంది. వేడి ఎక్కువైనందుకే ఇదంతా అనుకుని నాలుగోసారి అతి తక్కువ పవర్‌లో 40 నిమిషాలు ఉంచారు, ఆ తర్వాత ఫుల్ పవర్‌లో మరో 10. పాలు విరగలేదు. కానీ దుంపలు "మొండికేసినట్టు" మెత్తబడనే లేదు.

ఆ రాత్రి పాప రెండు ముద్దలు తిని, "అమ్మ చేస్తే ఇలా ఉండదు కదా నాన్నా" అంది. బాబు ఏమీ అనకుండా పళ్లెం ఖాళీ చేశాడు. "వాడు మాట్లాడకుండా తినడం నాకు ఇంకా బాధేసింది" అని రాశారు. పిల్లలు పడుకున్నాక మిగిలింది పారేశారట. ఆవిడ పక్క గదిలోనే ఉన్నారు, ఆవిడకు మాత్రం ఒక్క మాట కూడా చెప్పలేదు. చెబితే లేచి వచ్చి చేస్తానంటుందని భయం. ఆయన అడిగినవి ఇవీ: తప్పు మైక్రోవేవ్‌దా, నాదా? చిన్న ఓవెన్ కొనుక్కోవాలా? బయటి నుంచి తెప్పించి ఊరుకోవాలా? ఆవిడకు చెప్పాలా?

మీ ఉత్తరం రెండుసార్లు చదివాను. మొదటిసారి చదివినప్పుడు మీ మీద జాలేసింది. రెండోసారి చదివినప్పుడు మాత్రం సంతోషమేసింది. ఎందుకంటే మీరు ఏం వేశారో, ఎంతసేపు పెట్టారో, ఏమైందో అంత వివరంగా రాశారు. చెడిన వంట గురించి అంత శ్రద్ధగా గుర్తుపెట్టుకునే మనిషికి ఆ వంట వచ్చి తీరుతుంది. పైగా మీ నాలుగు ప్రయత్నాల్లో నాలుగు వేర్వేరు కారణాలు ఉన్నాయి. ఒక్కొక్కటీ విప్పి చూద్దాం.

అసలు చిక్కు ఏమిటంటే, దుంపకూ పాలకూ కావాల్సిన వేడి ఒకటి కాదు. దుంప మెత్తబడాలంటే దాదాపు నీళ్లు మరిగేంత వేడి కావాలి. దుంపలో ఉన్న పిండి 60 నుంచి 70 డిగ్రీల దగ్గరే నీళ్లు పీల్చుకుని ఉబ్బుతుంది. అయితే దుంప కణాలను ఒకదానికొకటి అంటిపెట్టి ఉంచే పెక్టిన్ అనే పదార్థం కరగాలంటే 80 డిగ్రీలు దాటాలి. అది కరిగితేనే కత్తి సులువుగా దిగుతుంది. పాలు, క్రీమ్, చీజ్ సంగతి దీనికి వ్యతిరేకం. అవి సన్నటి వేడిలో బాగుంటాయి, గట్టిగా మరిగితే పొంగుతాయి, విరుగుతాయి, జిడ్డు తేలుతుంది. మామూలు ఓవెన్‌లో మీ ఆవిడ గంటకు పైగా నెమ్మదిగా కాల్చేవారు కాబట్టి రెండూ కలిసి ఒకే గిన్నెలో సర్దుకునేవి. మైక్రోవేవ్‌కు అంత ఓపిక లేదు. అందుకని దానిలో చేసేటప్పుడు ఈ రెంటినీ విడదీసి, ఎవరి వేడి వాళ్లకు ఇచ్చి, చివర్లో కలపాలి. మీరు పట్టుకోవాల్సింది ఈ ఒక్కటే.

మొదటి గిన్నెలో జరిగింది అదే. మైక్రోవేవ్ తరంగాలు పదార్థంలోకి పై నుంచి 2, 3 సెంటీమీటర్ల వరకే బలంగా వెళ్తాయి. అంతకన్నా లోపలికి వేడి మామూలుగా పాకుతూ చేరాల్సిందే. పైగా గూడు లోపల ఒకచోట వేడి ఎక్కువ, ఇంకోచోట తక్కువ. పళ్లెం తిరిగేది అందుకే. తిరిగినా గిన్నె నడిమధ్య భాగం మాత్రం వెనకబడుతుంది. చల్లటి పాలలో మునిగిన మధ్య ముక్కలు ఇంకా వేడెక్కుతుండగానే అంచున పాలు పొంగిపోయాయి, పైనున్న చీజ్ అప్పటికే 15 నిమిషాలుగా ఉడుకుతోంది. చీజ్ అంతసేపు ఉడికితే తోలు కాక ఏమవుతుంది?

రెండోసారి పులుపు దెబ్బ కొట్టింది. పెరుగులో కొవ్వు తక్కువ, పులుపు ఎక్కువ. అలాంటిది బాగా వేడెక్కితే అందులోని మాంసకృత్తులు ముద్దకట్టి నీళ్లు వదిలేస్తాయి. క్రీమ్ అలా విరగదు. అందులో కొవ్వు 35 శాతం దాకా ఉంటే మరిగినా తట్టుకుంటుంది. ఆ పులుపే దుంపనూ పట్టి ఉంచింది. పుల్లటి దానిలో ఉడికితే పెక్టిన్ త్వరగా కరగదు. అంటే ఒక్క పెరుగు వల్ల రెండు పక్కలా చెడింది. మీకు పెరుగు రుచి ఇష్టమైతే, అంతా అయ్యాక, గిన్నె బయటికి తీసి కాస్త చల్లారాక 2 చెంచాలు కలుపుకోండి. ముందు మాత్రం వద్దు.

మూడోసారి తప్పు మిక్సీదే. ఉడికిన దుంపలో ఒక్కో కణం ఉబ్బిన పిండితో నిండిన చిన్న సంచిలా ఉంటుంది. పప్పుగుత్తితోనో ఫోర్కుతోనో మెదిపితే ఆ సంచులు ఒకదాన్నుంచి ఒకటి విడిపోతాయి, చాలావరకు చిట్లవు. అప్పుడే వెన్నలా ఉంటుంది. మిక్సీ బ్లేడు ఆ సంచులన్నిటినీ చీల్చి లోపలి పిండిని బయటికి లాగుతుంది. అది జిగురే. ఒకసారి అలా అయ్యాక వెనక్కి రాదు, ఎంత పాలు పోసినా పలచటి జిగురు అవుతుంది తప్ప మెదిపిన దుంప అవదు. పులుసులోనో సూప్‌లోనో చిక్కదనానికి వాడుకోవచ్చు. ఇంకోసారి ఇలా జరిగితే పారేయకండి.

నాలుగోది నాకు అన్నిటికన్నా ఆసక్తిగా అనిపించింది. మీరు జాగ్రత్త పడినందుకే చెడింది. దుంపను 55 నుంచి 65 డిగ్రీల మధ్య చాలాసేపు ఉంచితే, దానిలోనే ఉన్న ఒక ఎంజైమ్ మేలుకుని పెక్టిన్‌ను మారుస్తుంది. మారిన పెక్టిన్ కాల్షియంతో ముడిపడి గట్టిపడుతుంది. ఆ తర్వాత ఎంత మరిగించినా ఆ ముక్క ఒక పట్టాన మెత్తబడదు. ముక్కలు చెదరకుండా ఉండాలని కొందరు వంటవాళ్లు కావాలనే ఇలా చేస్తారు. అతి తక్కువ పవర్‌లో 40 నిమిషాలు ఉంచి, మీకు తెలియకుండానే ముక్కలకు ఆ గట్టిదనం ఇచ్చారు. పాలలో కాల్షియం కూడా ఉందాయె. మీ దుంపలు మొండికేశాయన్నారు, ఆ మాట అక్షరాలా నిజం. కాబట్టి దుంపను ఎప్పుడూ ఫుల్ పవర్‌లో, ఆ 60 డిగ్రీల మెట్టు గబగబా దాటించి ఉడికించాలి.

తప్పు ఎవరిదని అడిగారు. మైక్రోవేవ్‌ది కాదు, మీది అనడానికీ నాకు నోరు రాదు. ఓవెన్ పద్ధతిని అలాగే తెచ్చి ఇంకో పెట్టెలో పెట్టారు, అంతే.

ఇక ఏం చేయాలో చూద్దాం. మీ ముందు మూడు దారులున్నాయి. ఏది ఎంచుకున్నా ముందు ఒక పని చేయండి. మీ మైక్రోవేవ్ ఎన్ని వాట్లదో తెలుసుకోండి. వెనకో తలుపు పక్కనో అంటించిన కాగితం మీద రెండు అంకెలుంటాయి. ఒకటి అది లాక్కునే కరెంటు, ఇంకోటి వంటకు ఇచ్చే పవర్. మనకు రెండోది కావాలి. అద్దె ఇంట్లో పాతది కాబట్టి ఆ కాగితం చిరిగిపోయి ఉంటే, 1 లీటరు నీళ్లు గాజు గిన్నెలో పోసి, థర్మామీటర్‌తో వేడి చూసి, సరిగ్గా 2 నిమిషాలు ఫుల్ పవర్‌లో పెట్టి, కలిపి మళ్లీ చూడండి. ఎన్ని డిగ్రీలు పెరిగిందో దాన్ని 35తో గుణిస్తే దాదాపు వాట్లు వస్తాయి. 22 డిగ్రీలు పెరిగితే 770 అన్నమాట. జ్వరం చూసే థర్మామీటర్ దీనికి పనికిరాదు, వంటకు వాడేది కావాలి. నేను కింద చెప్పే సమయాలన్నీ 800 వాట్లకు. మీది 1000 అయితే 10 నిమిషాలకు బదులు 8, 700 అయితే పదకొండున్నర.

మొదటి దారి, మీ ఆవిడ చేసినదానికి దగ్గరగా ఉండేది, ముక్కలు పొరలుగా పేర్చే పద్ధతి. 600 గ్రాముల దుంపలు చెక్కు తీసి, 3, 4 మిల్లీమీటర్ల మందంలో చక్రాలుగా తరగండి. అన్నీ ఒకే మందంలో ఉండాలి. మందం తేడా ఉంటేనే ఒకటి చితికిపోతుంది, ఇంకోటి పలుకుంటుంది. తరిగిన ముక్కల్ని కడగకండి, పైనంటిన పిండి తర్వాత పాలను చిక్కబరుస్తుంది. గుండ్రటి గాజు గిన్నె తీసుకోండి. నాలుగు పలకల గిన్నె అయితే మూలల్లో ముక్కలు ముందే ఎండిపోతాయి. ముక్కలు వేసి, 4 చెంచాల నీళ్లు, కాస్త ఉప్పు చల్లి, ఆవిరి పోవడానికి సందు ఉంచి మూత పెట్టి, ఫుల్ పవర్‌లో 9 నుంచి 10 నిమిషాలు. 5 నిమిషాలకు ఒకసారి తీసి, మధ్యవి అంచుకు, అంచువి మధ్యకు జరపండి. చాకు మొన గుచ్చితే అడ్డం లేకుండా దిగాలి. దిగకపోతే ఇంకో నిమిషం, మళ్లీ ఇంకో నిమిషం. ఇక్కడ తొందరపడొద్దు. సాస్ పోశాక దుంప పెద్దగా ఉడకదు, ఇప్పుడు పలుకుంటే చివరిదాకా పలుకే.

సాస్ వేరే గిన్నెలో చేయాలి. 2 చెంచాల వెన్న 40 సెకన్లలో కరుగుతుంది. అందులో 2 చెంచాల మైదా వేసి ఉండలు లేకుండా కలిపి మరో 40 సెకన్లు పెట్టండి, మైదా పచ్చివాసన పోతుంది. ఇప్పుడు 300 మిల్లీలీటర్ల వెన్న తీయని పాలు కొంచెం కొంచెంగా పోస్తూ కలపండి. ఒక్కసారిగా కుమ్మరిస్తే ఉండలు కడుతుంది. ఫుల్ పవర్‌లో 4, 5 నిమిషాలు, కానీ నిమిషానికోసారి తీసి అడుగు నుంచి కలపాలి. గరిటెకు పూతలా అంటుకునేంత చిక్కబడ్డాక 100 మిల్లీలీటర్ల క్రీమ్, దంచిన వెల్లుల్లి ఒక రెబ్బ, మిరియాల పొడి, సరిపడా ఉప్పు. ఈ మైదా చిక్కదనానికి ఒక్కదానికే కాదు. ఆ పిండి పాలలోని మాంసకృత్తుల మధ్య అడ్డుగా నిలబడి వాటిని ముద్దకట్టనివ్వదు. అంటే మీ రెండోసారి భయం ఇక ఉండదు. గిన్నె మాత్రం పాల ఎత్తుకు రెట్టింపు లోతున్నది తీసుకోండి. పొంగినా లోపలే ఉంటుంది.

ఉడికిన ముక్కల్ని పొరలుగా పేర్చి, వాటి మీద వేడి సాస్ పోసి, ముక్కల మధ్యకు దిగేలా గిన్నెను మెల్లగా కదిపి, సగం పవర్‌లో 6 నిమిషాలు. చాలా మైక్రోవేవ్‌లలో సగం పవర్ అంటే కాసేపు ఫుల్‌గా కొట్టి, కాసేపు ఆగడం. ఆ ఆగిన సమయంలో వేడి లోపలికి సర్దుకుంటుంది, పాలు పొంగవు. చీజ్ 50 గ్రాములు తురిమి చివర్లో చల్లి ఇంకో నిమిషం చాలు, కరిగితే ఆపేయాలి. తర్వాత మూత పెట్టి 7, 8 నిమిషాలు కదపకుండా వదిలేయండి. పిల్లలు ఆకలంటారు, అయినా ఆగండి. బయటికి తీశాక కూడా లోపల ఉడుకుతూనే ఉంటుంది, పలచగా కనిపించిన సాస్ ఆ సమయంలోనే దుంపకు పట్టి చిక్కబడుతుంది.

ఈ దారిలో ఒక నష్టం ఉంది, ముందే చెబుతాను. పైన బంగారు రంగు పొర రాదు. మైక్రోవేవ్‌లో తడి ఉన్న పదార్థం 100 డిగ్రీలు దాటదు, చుట్టూ గాలి చల్లగానే ఉంటుంది. ఎర్రగా కాలాలంటే 140 డిగ్రీల దాకా పోవాలి. పాపకు ఆ పొర ఇష్టమైతే, దాని బదులు ఒకటి చేయొచ్చు. ఒక కప్పు బ్రెడ్ పొడికి ఒక చెంచా వెన్న పట్టించి, వెడల్పాటి గాజు పళ్లెంలో పలచగా పరిచి, నిమిషానికోసారి కలుపుతూ 3, 4 నిమిషాలు పెట్టండి. అందులో తడి లేదు, కొవ్వు ఉంది కాబట్టి రంగు వస్తుంది. రంగు మొదలయ్యాక చూస్తుండగానే మాడుతుంది, దగ్గరే నిలబడాలి. వడ్డించే ముందు పైన చల్లితే కరకరలాడుతుంది. ముందే చల్లితే మెత్తబడిపోతుంది.

రెండో దారి, మెదిపిన దుంప. గుల్లగా ఉడికే రకం దుంపలు దీనికి బాగుంటాయి. కోసినప్పుడు చాకుకు తెల్లటి పాలలాంటిది అంటుకుంటే అందులో పిండి ఎక్కువని గుర్తు. పొరలుగా పేర్చేదానికి కాస్త బిరుసు రకం మేలు, ముక్క చెదరదు. చెక్కు తీసి, 2 సెంటీమీటర్ల ముక్కలు చేసి, 4 చెంచాల నీళ్లతో మూతపెట్టి 9, 10 నిమిషాలు ఉడికించి, నీళ్లు వంచేసి, వేడి మీదే మెదపండి. ముందు వెన్న, తర్వాత వేడి పాలు. చల్లటి పాలు పోస్తే దుంప బిగుసుకుంటుంది. మెదిపింది చాలు అనిపించగానే చెయ్యి ఆపాలి. అరగంటలో అయిపోతుంది, చెడే అవకాశం చాలా తక్కువ. కానీ ఇది వాళ్లమ్మ వంటకం కాదు. పాప వెంటనే గుర్తుపడుతుంది. అది నష్టమా అంటే, కాకపోవచ్చు కూడా. "ఇది నాన్న వంట" అని ఇంకోదానికి ఇంట్లో చోటు దొరుకుతుంది. పోల్చడానికి పక్కన ఏమీ ఉండదు కాబట్టి మీకు టెన్షన్ కూడా తగ్గుతుంది.

మూడో దారి చిన్న ఓవెన్ కొనడం, లేదా బయటి నుంచి తెప్పించడం. ఓవెన్ ఉంటే ఆవిడ పద్ధతి ఉన్నదున్నట్టు చేయొచ్చు, పైపొరతో సహా. 2 నెలల ఫ్లాట్‌కు ఇంకో పరికరం మోయాలా అన్నది మీ ఇష్టం. కొనే ముందు, ఉన్న మైక్రోవేవ్ బటన్లలో గ్రిల్ ఉందేమో ఒకసారి చూడండి. ఉంటే మొదటి దారిలో చీజ్ చల్లాక 4, 5 నిమిషాలు గ్రిల్ కింద పెడితే సమస్యే తీరిపోతుంది. అప్పుడు ప్లాస్టిక్ మూత తప్పనిసరిగా తీసేయాలి. బయటి నుంచి తెప్పించడంలో తప్పేమీ లేదు, ఆ రోజు ఆస్పత్రి పని పడితే అదే చేయండి. కాకపోతే మీ ఉత్తరంలో తండ్లాట చూశాక, తెప్పించిన డబ్బా మీకు తృప్తినిస్తుందని నాకనిపించడం లేదు.

ఇక ఆవిడకు చెప్పాలా అన్న ప్రశ్న. మీరు దీన్ని చివర్న ఒక్క వాక్యంలో అడిగారు, కానీ ఉత్తరమంతా దాని బరువే ఉంది.

నాకొక అనుమానం. పాలు పొంగి మాడిన వాసన ఒక చిన్న ఫ్లాట్‌లో గోడ దాటకుండా ఉంటుందా? మిక్సీ చప్పుడు వినపడదా? ఆవిడకు ఇప్పటికే తెలిసి ఉండొచ్చు. మీరు చెప్పేదాకా అడగకూడదని ఆవిడా ఊరుకుని ఉండొచ్చు. అది నిజమైతే, మీరిద్దరూ ఒకరినొకరు కాపాడుకుంటూ చెరో గదిలో ఉన్నట్టే.

చెప్పకుండా ఉంటే లాభం, ఆ రోజు అందరూ ఆశ్చర్యపోతారు. ఆవిడ కళ్లలో ఆ మెరుపు చూడాలని మీకుంటుంది, అర్థమవుతుంది. నష్టం ఏమిటంటే, ఆ రుచి తెలిసిన ఒకే ఒక్క మనిషి సాయం మీకు అందదు. నేను చెప్పిన కొలతలు దుంపకూ పాలకూ సంబంధించినవి. మీ ఇంటి రుచి, అంటే వెల్లుల్లి ఎంత వేసేవారు, ఏ చీజ్, మిరియాలా జాజికాయా అన్నది నాకెలా తెలుస్తుంది? అది ఆవిడకే తెలుసు. ఇన్నేళ్లూ పుట్టినరోజు వంట ఆవిడ చేతిలో ఉంది. ఈ ఏడు మంచం మీద నుంచి చూస్తూ ఉండటం ఆవిడకూ కష్టమే.

చెబితే మీరు భయపడినట్టు లేచి వస్తానంటారేమో. నిజమే. అలాంటప్పుడు పనిని ఆవిడ దగ్గరికి తీసుకెళ్లండి. సాస్ అయ్యాక ఒక చెంచా చల్లార్చి మంచం దగ్గరికి పట్టుకెళ్లి, "ఉప్పు సరిపోయిందా, ఇంకేం వేసేదానివి?" అని అడగండి. నిలబడక్కర్లేదు, బరువెత్తక్కర్లేదు, వంట మాత్రం ఆవిడ చెప్పినట్టే అవుతుంది. నేనైతే చెప్పమనే అంటాను. కానీ మీ ఆవిడ స్వభావం మీకు తెలుసు. చెప్పాక మంచం మీద ఆగరు, డాక్టర్ మాట వినరు అని మీకు గట్టిగా అనిపిస్తే, పుట్టినరోజు పొద్దున దాకా ఆగి అప్పుడు చెప్పండి. క్రీమ్, చీజ్ లాంటివి ఇప్పుడు ఆవిడ తినొచ్చో లేదో కూడా డాక్టర్‌ను అడిగేయండి.

పాప అన్న మాట గురించి. "అమ్మ చేస్తే ఇలా ఉండదు" అంటే మీ వంట బాగాలేదని మాత్రమే అనుకోకండి. ఈ పిల్ల కొన్ని వారాలుగా మంచం మీదున్న అమ్మనే చూస్తోంది. ఆ మాటకు జవాబు చెప్పాల్సిన పని లేదు, ఆమెను వంటలోకి రానివ్వండి. సాస్‌ను నిమిషానికోసారి కలిపే పని 11 ఏళ్ల పిల్లకు సరిగ్గా సరిపోతుంది. గిన్నె బయటికి తీయడం, మూత తెరవడం మాత్రం మీరే చేయాలి. మూత తీసేటప్పుడు మీకు అవతలి వైపు నుంచి ఎత్తండి, ఆవిరి కాలిస్తే బాగా కాలుతుంది. చల్లారిన ముక్కల్ని పేర్చే పని బాబుకు ఇవ్వండి. ఏమీ అనకుండా పళ్లెం ఖాళీ చేశాడని మీరు బాధపడ్డారు. వాడు మీకోసమే తిన్నాడు, అది నమ్మండి.

మరో రెండు జాగ్రత్తలు. దుంప మీద ఆకుపచ్చ రంగు ఉంటే, మొలకలు వచ్చి ఉంటే ఆ భాగం లోతుగా కోసి తీసేయండి, ఎక్కువగా ఉంటే దుంపే పక్కన పెట్టండి. అందులో ఉండే విషపదార్థం మైక్రోవేవ్‌లో ఉడికినా పోదు. ఎప్పుడైనా దుంపను కోయకుండా అలాగే ఉడికించాల్సి వస్తే ఫోర్కుతో నాలుగైదు చోట్ల గుచ్చండి, లేకపోతే లోపల ఆవిరి చేరి పేలుతుంది.

3 వారాలున్నాయి కాబట్టి, ఈ ఆదివారం సగం కొలతతో ఒకసారి చేసి చూడండి. 300 గ్రాముల దుంపలు. సగం పదార్థం అంటే సమయం కూడా దాదాపు సగమే, దుంపకు 5, 6 నిమిషాలు చాలు. మైక్రోవేవ్‌లో ఈ లెక్క మరిచిపోయి చాలామంది చిన్న గిన్నెను మాడ్చేస్తారు. మీకు పట్టిన సమయాలు ఒక కాగితం మీద రాసి తలుపుకు అంటించుకోండి, పుట్టినరోజు నాడు ఏదీ గుర్తు చేసుకోవాల్సిన పని ఉండదు.

ఆ రోజు ఆవిడ ఫిజియోథెరపీ నుంచి ఆలస్యంగా వస్తే, ఆవిడ వాటా ముందే చిన్న గాజు గిన్నెలోకి తీసి, మూత పెట్టి, 2 గంటల లోపే ఫ్రిజ్‌లో పెట్టండి. వేడి చేసేటప్పుడు పైన ఒక చెంచా పాలు చల్లి, సగం పవర్‌లో 3 నిమిషాలు, మధ్యలో ఒకసారి కలిపి, నడిమి భాగం కూడా పొగలు వచ్చేంత వేడెక్కిందని చూసుకుని ఇవ్వండి. బ్రెడ్ పొడి కాస్త విడిగా దాచి ఉంచండి, ఆవిడ తినే ముందే చల్లాలి.